అంతలో ఫెర్రీ వచ్చింది

మామ్మ చెప్పే కథలన్నీ ఒకేలా అయిపోతాయి. రాజకుమారుడు గుర్రమెక్కి కొండలన్నీ దాటుతాడు, గుహ ముందు నిలబడి కత్తి దూస్తాడు, లోపల రాక్షసి ఆవులిస్తుంది, అంతలో ఫెర్రీ వస్తుంది. అంతే, కథ అయిపోయింది, పడుకోండి. నక్క బావిలో పడుతుంది, పైనుంచి తోడేలు తొంగి చూస్తుంది, అంతలో ఫెర్రీ వస్తుంది. అడవిలో తప్పిపోయిన పిల్ల చెట్టెక్కుతుంది, చెట్టు కింద పులి కూచుని గోళ్ళు నాక్కుంటుంది, అంతలో ఫెర్రీ.

అడవి మధ్యలోకి ఫెర్రీ ఎలా వస్తుందని బాంబూఫ్లాట్‌లో పుట్టిన పిల్లలెవరూ అడగలేదు. ఎందుకడుగుతారు? బియ్యం వచ్చేది ఫెర్రీలో. కిరసనాయిలు వచ్చేది ఫెర్రీలో. చుట్టాలు, డాక్టరు, కొత్త పెళ్ళికూతురు, ఐస్‌క్రీం డబ్బా, అందరూ పోర్ట్‌బ్లెయిర్ నుంచి ఫెర్రీ ఎక్కే వస్తారు. ఇంతమందికి వచ్చిన ఫెర్రీ చెట్టు మీద ఏడుస్తున్న పిల్లకి మాత్రం ఎందుకు రాదు? వస్తుంది. పిల్ల ఎక్కి వెళ్ళిపోతుంది. పులి జెట్టీ మీద నిలబడి చూస్తుంది. ఇంతకంటే మంచి ముగింపు ఏ కథకైనా ఉంటుందా?

మామ్మ అసలు పేరు అప్పలకొండ. ఆ పేరు ఓటరు కార్డుకి తప్ప ఎవరికీ అక్కర్లేదు. ఇంట్లో మామ్మ, బజార్లో మఛ్లీవాలీ దీదీ. వాళ్ళ నాన్న యర్రయ్య శ్రీకాకుళం వైపు సముద్రపొడ్డు నుంచి వల భుజానేసుకుని ఓడెక్కి ఈ దీవులకి వచ్చేశాడు. మామ్మ మాత్రం ఇక్కడే పుట్టింది. ఐదో తరగతి దాకా చదివింది. ఆ తర్వాత చేపల గంప నెత్తికెత్తుకుంది. ఇప్పటికీ దించలేదు. నడుం పట్టేసిందంటుంది, మోకాళ్ళు అరిగిపోయాయంటుంది, తెల్లారేసరికి గంప మళ్ళీ నెత్తి మీదుంటుంది.

ఆవిడ చేపలమ్మడం చూసి తీరాలి. వంజరం ముక్కలు కోస్తూ కోస్తూ కథ మొదలెడుతుంది. తెలుగువాళ్ళకి తెలుగులో, బెంగాలీవాళ్ళకీ తమిళులకీ హిందీలో. కొనడానికొచ్చినవాళ్ళు బేరం మర్చిపోయి నోళ్ళు తెరుచుకుని నిలబడతారు. "ఔర్ ఉస్‌కే బాద్, ఫెర్రీ ఆ గయా!" అని ముక్కలు సంచిలో వేసేస్తుంది. ఇంటికెళ్ళాకగానీ తెలీదు వాళ్ళకి, తామడిగింది వంజరమైతే సంచిలో సగం చవకరకం కవళ్ళున్నాయని.

సొంత పెళ్ళి కథ కూడా అలాగే చెబుతుంది. "మీ తాత నూకన్న నన్ను చూసుకోడానికి వచ్చేడు. తలొంచుకుని కూచున్నాడు. నానే తలెత్తి చూసేను. ఆడూ చూసేడు. అంతలో ఫెర్రీ వచ్చింది. అదయ్యాక మీ నాన్న పుట్టేడు." సిగ్గుపడాల్సిన చోటల్లా ఫెర్రీ ఎక్కించేస్తుందన్నమాట.

సునామీ వచ్చినప్పుడు జెట్టీ మునిగిపోయి కొన్నాళ్ళు ఫెర్రీ తిరగలేదు. గుట్ట మీద టార్పాలిన్ కింద భయపడుతూ కూచున్న పిల్లలు కథ చెప్పమని మామ్మ కొంగు పట్టుకు లాగారు. చెప్పలేదు. "ఫెర్రీ లేదు కదర్రా, కథెలా అవుతాది?" అంది. మళ్ళీ హార్న్ వినిపించిన పూట మాత్రం గుట్ట మీద నుంచే ఆపకుండా కథలు చెప్పుకుపోయింది. పిల్లలతోపాటు పెద్దవాళ్ళు కూడా కూచున్నారు.

ఈ ఫెర్రీ ముగింపు మామ్మకి ఎక్కడిదంటే, అరుణకుమారి టీచర్ ఇచ్చింది.

అప్పలకొండ మూడో తరగతిలో ఉండగా బాంబూఫ్లాట్ తెలుగు బడికి కొత్త టీచర్ వచ్చారు. పోర్ట్‌బ్లెయిర్‌లో ఇల్లు, రోజూ ఫెర్రీలో రాకపోకలు. చేతిలో నల్ల గొడుగు. ఆ గొడుగు వానకి వాడగా ఎవరూ చూడలేదు. అది కత్తి, అది గుర్రం, అది ఏనుగు తొండం, అది ముసలి రాజు చేతికర్ర. చివరి పీరియడ్ కథల పీరియడ్. గొడుగు పైకి లేచిందంటే బడి బడంతా ఊపిరి బిగబట్టేది.

అప్పలకొండ పేరంటే క్లాసులో అందరికీ వెటకారం. "ఏయ్ కొండా, జరుగు, ఎండ రావట్లేదు" అని లక్ష్ముడు రోజూ అనేవాడు. టీచర్ ఒకరోజు అది విన్నారు. ఆ సాయంత్రం గొడుగెత్తి, "ఒక ఊళ్ళో అప్పలకొండ అనే అమ్మాయి ఉండేది" అని కథ మొదలెట్టారు. క్లాసంతా వెనక్కి తిరిగి కిటికీ పక్కన కూచున్న పిల్లని చూసింది. ఆ పిల్ల చెవులు ఎర్రబడిపోయాయి. ఒంట్లో ఏదో ఎగిరింది. ఇప్పటికీ అది ఎగురుతూనే ఉందని మామ్మ అంటుంది. గుండెల మీద చెయ్యేసి చూపిస్తుంది కూడా.

ఆ కథ ఇది. ఒక రాజుగారు పడవలో వెళ్తూ పగలబడి నవ్వారు. మరీ వంగి నవ్వడంతో నవ్వు జారి సముద్రంలో పడిపోయింది. ఒక చేప మింగేసింది. అప్పట్నుంచి రాజు మొహం మాడిన అట్టు, సముద్రంలో చేప ఒకటే నవ్వు. రాజు నవ్వకపోయేసరికి ఊళ్ళో పిల్లలు ఆడుకోవడం మానేశారు. ఆవులు పాలివ్వడం మానేశాయి. అప్పలకొండ చిన్న పడవేసుకుని నవ్వు వినిపించిన వైపు వెళ్ళింది. వల విసిరింది. చేప పడింది. పడ్డా నవ్వుతూనే ఉంది. అప్పలకొండ కత్తి ఎత్తింది. చేప ఆ పిల్ల కళ్ళల్లోకి చూసి, "అమ్మాయీ, నన్ను కొయ్యకముందు ఒక్క మాట విను" అంది. అంతలో...

రోజూలాగే భోంయ్‌మని జెట్టీ వైపు నుంచి హార్న్.

"ఫెర్రీ వచ్చేసింది!" అని టీచర్ గొడుగు చంకన పెట్టుకున్నారు.

మర్నాటి నుంచి సెలవులు. సెలవులయ్యాక టీచర్‌కి వేరే దీవికి బదిలీ.

అప్పలకొండకి మాత్రం ఏ లోటూ అనిపించలేదు. ఫెర్రీ వచ్చింది కదా! ఆ అమ్మాయి నవ్వే చేపని చంకనేసుకుని ఫెర్రీ ఎక్కింది, ఫెర్రీలో అందరూ నవ్వారు, రాజు రేవులో నిలబడి ఉన్నాడు. ఇందులో తెలీనిదేముంది? ఆ తర్వాత జీవితమంతా చేపలు కోస్తూ, కత్తి ఎత్తిన ప్రతిసారీ ఒక్క క్షణం ఆగి చేప మొహంలోకి చూడటం మామ్మకి అలవాటైపోయింది. ఏమైనా అంటుందేమోనని. బేరానికొచ్చినవాళ్ళు అది దేవుడికి దణ్ణం అనుకుంటారు.

ఇలా హాయిగా సాగుతున్న బతుకులో పుల్ల పెట్టింది మనవరాలు సింధూరి. పదో తరగతి రెండుసార్లు రాసి, తెలుగు పేపరు దగ్గర రెండుసార్లూ బోల్తా పడ్డ మహాతల్లి. మాట్లాడితే గలగల, చదవమంటే తలకట్టు దగ్గరే తల తిరుగుతుంది. పోర్ట్‌బ్లెయిర్‌లో మాతృభాషా దినోత్సవానికి మామ్మలకి కథల పోటీ అని ఎవరో చెబితే, అడక్కుండా మామ్మ పేరిచ్చేసి వచ్చింది.

"నానెందుకే? అక్కడందరూ ఆఫీసర్ల అమ్మలుంటారు."

"ఉంటే ఉండనీ మామ్మా. వాళ్ళ దగ్గర కథలుంటే నీ దగ్గర ఫెర్రీ ఉంది. చల్, చీర తియ్యి."

మామ్మ పట్టుచీర కట్టుకుని, కొబ్బరినూనె కారేలా తల దువ్వుకుని, స్టేజీ ఎక్కింది. మైకు చూసి మొదట భయపడింది. తర్వాత దాన్ని వంజరంలా మెడ దగ్గర పట్టుకుని నవ్వే చేప కథ ఎత్తుకుంది. హాలు మొత్తం ఆవిడ గుప్పిట్లోకి వచ్చేసింది. ఏసీ చప్పుడు కూడా ఆగినట్టే ఉంది. చేప "ఒక్క మాట విను" అంది. అందరూ ముందుకి వంగారు.

"అంతలో ఫెర్రీ వచ్చింది!" అని మామ్మ దణ్ణం పెట్టేసింది.

ఇంకా ఏదో వస్తుందని అందరూ అలాగే వంగి ఉన్నారు. ఆ తర్వాత నవ్వులే నవ్వులు. మామ్మ కూడా సంతోషంగా నవ్వింది, కథ నచ్చిందనుకుని.

ముందు వరసలో లంబాలైన్ పేట గురునాథంగారు న్యాయనిర్ణేత. రిటైరైన ఉద్యోగి, మనిషి మెత్తన. ఆయన లేచి, "కథ అద్భుతంగా ఉందమ్మా. కానీ ముగింపు చెప్పలేదే?" అన్నారు.

"చెప్పేను కదండీ. ఫెర్రీ వచ్చింది."

"రాజుగారి కాలంలో ఫెర్రీ ఏమిటమ్మా?"

"మా టీచరు అలాగే చెప్పేరండి. అన్ని కథల్లోనూ వస్తాది. బాంబూఫ్లాట్ బడిలో అరుణకుమారి టీచరు."

గురునాథంగారి కళ్ళు పెద్దవయ్యాయి. "అరుణకుమారిగారా? డెలానీపూర్‌లో మా చెల్లెలి పక్కిల్లేనమ్మా! ఇప్పటికీ గట్టిగానే ఉన్నారు." అంతటితో ఆగితే బాగుండేది. ఆయన నవ్వుతూ, "ఆవిడకి సాయంత్రం ఫెర్రీ దొరకాలి కదా, అందుకని కథ మధ్యలో వదిలేసి పరిగెత్తి ఉంటారు. మీరు అదే ముగింపనుకున్నారు!" అన్నారు.

హాలు మళ్ళీ నవ్వింది. ఈసారి మామ్మ నవ్వలేదు.

తిరుగు ఫెర్రీలో మామ్మ నోరు విప్పలేదు. ఫెర్రీ ఎక్కి మామ్మ మాట్లాడకపోవడం సింధూరి పుట్టాక ఇదే మొదలు. ఊరుకోలేక గోకింది. "ఏం మామ్మా, మీ టీచర్ మిమ్మల్ని పిచ్చోళ్ళని చేసి పారిపోయేదన్నమాట!"

మామ్మ నీళ్ళ వైపే చూస్తూ, "అంటే ఆవిడకి మాకంటే ఫెర్రీయే ఎక్కువేటే?" అంది.

సింధూరి నాలిక్కరుచుకుంది.

అదీ మామ్మని కొరికిన మాట. ముగింపు తప్పయితే తప్పయింది, ఎవడిక్కావాలి. గొడుగెత్తి "అప్పలకొండ అనే అమ్మాయి ఉండేది" అన్న మనిషి, ఆ అమ్మాయిని కత్తెత్తిన చేత్తో సముద్రం మధ్యలో వదిలేసి, ఏమైందోనన్న బెంగ కూడా లేకుండా ఫెర్రీ కోసం పరిగెత్తిందా? అలాగైతే గుండెల్లో ఎగిరింది, ఇన్నాళ్ళూ ఎగురుతున్నది, ఏమిటది?

ఆ వారమంతా బజార్లో కథల్లేవు. అడిగిన చేప అడిగినట్టే సంచిలో పడింది. అది మరీ కంగారు పుట్టించింది జనానికి. "దీదీ, తబియత్ తో ఠీక్ హై?" అని పలకరింపులు. ఒక బెంగాలీ ముసలాయన తనకి కవళ్ళు కలపలేదని అలిగాడు కూడా.

ఆదివారం పొద్దున్న మామ్మ లేచి, అన్నిటికంటే మంచి వంజరం ఏరి, ఆకులో చుట్టి, "పద, డెలానీపూర్" అంది.

"దేనికి, దెబ్బలాటకా?" అంది సింధూరి.

"చేప ఇచ్చొద్దాం."

"మొహం చూస్తే చేపతో కొట్టేలా ఉన్నావు మామ్మా."

"అదీ చూద్దాం."

డెలానీపూర్‌లో చిన్న మేడ, మెట్ల పక్కన కుండీల్లో మందారాలు. పనులన్నీ చక్కబెట్టుకుని అక్కడికి చేరేసరికి మధ్యాహ్నం దాటిపోయింది. తలుపు తీసిన మనిషి మామ్మ భుజం దాకా కూడా లేరు. తెల్లటి జుట్టు, మందపాటి కళ్ళద్దాలు. తలుపు వెనక కొక్కేనికి నల్ల గొడుగు. ఆ గొడుగు చూడగానే మామ్మ దెబ్బలాటంతా మెట్ల మీంచి దొర్లుకుంటూ వెళ్ళిపోయింది. చెప్పులు విప్పేసి, చేప పొట్లం మీదే చేతులు కట్టుకుని నిలబడింది.

"ఎవరమ్మా?"

"నానండీ. అప్పలకొండని. మూడో తరగతి."

"ఏ మూడో తరగతి?"

"బాంబూఫ్లాట్ మూడో తరగతండి."

టీచర్ కళ్ళద్దాలు పైకి తోసుకున్నారు. "కిటికీ పక్కన ముక్కు చీదుకుంటూ..."

"ముక్కు లక్ష్ముడిదండి. కిటికీ నాదండి."

"కొండా!" అని టీచర్ రెండు చేతులూ పట్టుకుని లోపలికి లాగారు. చేప మధ్యలో నలిగింది.

మంచినీళ్ళిచ్చారు, కుర్చీ వేశారు. మామ్మ కుర్చీలో కూచోదు, కిందే కూచుంటానంటుంది. ఆఖరికి ఇద్దరూ కిందే కూచున్నారు. ఇక ఆగలేక మామ్మ అడిగేసింది.

"టీచర్, తప్పుగా అనుకోకండి. మీకు మాకంటే ఫెర్రీ ఎక్కువాండీ?"

టీచర్‌కి ఒక్క ముక్క అర్థం కాలేదు. మామ్మ చెప్పింది. రాక్షసి ఆవులించింది, ఫెర్రీ వచ్చింది. పులి నాక్కుంది, ఫెర్రీ వచ్చింది. స్టేజీ, మైకు, గురునాథంగారు, జనం నవ్వులు, అన్నీ చెప్పింది. టీచర్ మొహంలో నవ్వు మొదలై, మధ్యలోనే ఆగిపోయింది.

"అయితే మీరందరూ కథ అయిపోయిందనుకున్నారా?"

"అవునండి."

"అందుకే అడగలేదా?"

"ఏటి అడగలేదండీ?"

"కావాలనే సరిగ్గా హార్న్ కొట్టే వేళకి కథని అంచు మీద నిలబెట్టేదాన్నే! మర్నాడు పొద్దున్నే మీరొచ్చి, 'తర్వాత ఏమైంది టీచర్?' అని మీద పడతారని. ఫెర్రీలో వస్తూ మిగతా కథంతా మనసులో అల్లుకుంటూ వచ్చేదాన్ని. జెట్టీ దిగగానే మీ మొహాలు వెతుక్కునేదాన్ని. ఒక్కరూ అడగలేదు. ఏ రోజూ ఒక్కరూ అడగలేదే, కొండా!" టీచర్ కొంగుతో కళ్ళద్దాలు తుడుచుకున్నారు. "నా కథలు మీకు పట్టలేదనుకున్నాను. మర్నాడు కొత్తది మొదలెట్టేదాన్ని, ఇదైనా నచ్చుతుందేమోనని. బదిలీ అయ్యాక ఏ బళ్ళోనూ మళ్ళీ కథ చెప్పలేదు. లెక్కలు చెప్పాను."

"లెక్కలా!" అంది మామ్మ, ఎవరో పోయారని విన్నట్టు.

"లెక్కలే."

"కథ అయిపోయాక ఏటి అడుగుతామండీ!" మామ్మ గుండెలు బాదుకుంది. "నచ్చకపోవడమేటి టీచర్! బాంబూఫ్లాట్‌లో మీ కథ తెలీని పిల్ల లేదండి. నా కొడుకులు అవే తిని పెరిగేరు. మనవలకి అవే. బెంగాలోళ్ళకీ తమిళోళ్ళకీ హిందీలో చెప్పేనండి. సునామీలో పిల్లలు అవే అడిగేరు. ఇదిగో ఇది, పది ఫెయిలైంది గానీ మీ కథలన్నీ కంఠతా వచ్చు. ఒసే, చెప్పు!"

"రాక్షసి ఆవులించింది, అంతలో..." అంది సింధూరి బుద్ధిగా.

"ఫెర్రీ వచ్చింది!" అన్నారు మిగతా ఇద్దరూ.

అంతే. టీచర్‌కి నవ్వు పట్టుకుంది. సముద్రంలోంచి ఎవరో తీసి తెచ్చి ఇచ్చినట్టు, ఏళ్ళ తరబడి దాచిపెట్టిన నవ్వంతా ఒక్కసారే వచ్చేసింది. పులి జెట్టీ మీద నిలబడటం చెబితే గోడకి ఆనుకుపోయారు. మామ్మ పెళ్ళిచూపుల ఫెర్రీ చెబితే పళ్ళసెట్టు జారింది, చేత్తో పట్టుకుని మరీ నవ్వారు. వాళ్ళని చూసి సింధూరి నవ్వు, సింధూరిని చూసి మామ్మ నవ్వు. పక్కింటి వాళ్ళు కిటికీలోంచి తొంగి చూసి, ఏం జరిగిందో తెలీకుండానే నవ్వుతూ వెళ్ళిపోయారు.

నవ్వు కాస్త తగ్గాక మామ్మ కళ్ళు తుడుచుకుని, బాసింపట్టు వేసుకుని, చెయ్యెత్తింది. క్లాసులో ఎత్తినట్టే.

"టీచర్. తర్వాత ఏటైందండీ? అప్పలకొండ చేపని కోసిందా?"

టీచర్ ఆ మాట చెవుల్లో కాసేపు ఉంచుకోవాలన్నట్టు కూచున్నారు. తర్వాత లేచి, తలుపు వెనక నుంచి గొడుగు తీశారు. గొడుగు పైకి లేచింది. మామ్మ ఊపిరి బిగబట్టింది.

"అప్పలకొండ కత్తి ఎత్తింది కదా. చేప నవ్వు ఆపింది. 'అమ్మాయీ, నన్ను కోసినా నీకేమీ దొరకదు. రాజుగారి నవ్వు నా కడుపులో లేదు' అంది. 'మరి నువ్వెందుకు నవ్వుతున్నావు?' అంది అప్పలకొండ. 'నవ్వు ఎవరి దగ్గరుందో నాకు తెలుసు కాబట్టి. వాళ్ళకే తెలీదు కాబట్టి' అంది చేప. 'ఎవరి దగ్గరుంది?' అంది అప్పలకొండ. చేప పడవ అంచు మీదకి పాకింది. చెవి దగ్గరికి రమ్మంది. అప్పలకొండ వంగింది..."

మామ్మ కూడా వంగింది. సింధూరి కూడా వంగింది. వంగినప్పుడు చేతిలో ఫోను కనబడింది.

"బాప్‌రే! మామ్మా, ఫెర్రీ టైమైపోతోంది!"

టీచర్ కళ్ళద్దాల వెనక ఏదో తళుక్కుమంది. నెమ్మదిగా గొడుగు దించి చంకన పెట్టుకున్నారు.

"అంతలో ఫెర్రీ వచ్చేసింది. లే, కొండా."

"అన్నేయం టీచర్! చెవిలో ఏటి చెప్పిందండీ?"

"రేపు అడుగు."

"ఇప్పుడే అడుగుతున్నాను కదండీ!"

"రేపు కూడా అడుగు." గేటు దాకా వచ్చి, రోడ్డు మలుపు తిరుగుతుంటే వెనక నుంచి అరిచారు, "మర్చిపోకుండా అడుగుతావుగా?"

"అడుగుతానండీ!" అని మామ్మ రోడ్డు మధ్యలో నిలబడి అరిచింది. ఆటో వాడు హార్న్ కొట్టి తిట్టినా వినిపించుకోలేదు.

ఆ సాయంత్రం ఫెర్రీలో మామ్మ చుట్టూ జనం. మళ్ళీ కథ. చేప చెవి దగ్గరికి రమ్మనే దాకా వచ్చి ఆపేసింది. బాంబూఫ్లాట్ జెట్టీ దగ్గరపడింది. "ఫిర్ క్యా హువా, దీదీ?" అన్నారెవరో. ఫెర్రీ వచ్చింది అంటుందనుకుంటే మామ్మ చేతులు తిప్పి, "నాకేటి తెలుసు? రేపు టీచర్ చెప్తాది" అంది. ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. అదేం ముగింపు?

మర్నాడు పొద్దున్న చేపల గంప వాకిట్లోనే ఉంది. మామ్మ తలకి నూనె రాసుకుని, రెండు జడలొక్కటే తక్కువ, బడికెళ్ళే పిల్లలా తయారై, చెప్పులు చేత్తో పట్టుకుని జెట్టీ వైపు పరుగు. మోకాళ్ళు అరిగిపోయాయన్న మనిషి. వెనక సింధూరి ఆయాసపడుతూ.

"మెల్లగా మామ్మా! ఇది పోతే ఇంకో ఫెర్రీ వస్తుంది!"

"నోర్ముయ్యే!" అంది మామ్మ వెనక్కి తిరక్కుండానే. "అక్కడ టీచరు ఎదురుచూస్తుంటాది, నానడగాల!"